పధ్నాలుగు నిమిషాల వీపు

ఇంకొకరు చెప్పి నవ్వించేలోపు నేనే చెప్పేసుకోవడం మేలు. పాతికేళ్ళ వయసులో, ఒంట్లో జ్వరం గానీ కడుపులో మందు గానీ లేని స్థితిలో, ఈపూరు దగ్గర ఒక మిరపచేలో నిలబడి, ఒక తెల్లటి థర్మాకోల్ అట్టను కెమెరా అనుకుని, దాని ముందు నేను కన్నీళ్ళు పెట్టుకుని నటించాను. ఒకసారి కాదు, మూడుసార్లు. మూడోసారి ఎడమ కన్ను ముందు కారేలా కూడా చూసుకున్నాను (నాకు వచ్చిన ఏకైక గొప్ప విద్య అది, ఇంతవరకూ ఏ దర్శకుడూ అడగలేదు). సినిమావాళ్ళు ఇంటర్వ్యూల్లో ‘ఆ తరవాత ఇక వెనుదిరిగి చూడలేదు’ అంటూ ఉంటారు. నా విషయంలో నేను వెనుదిరిగి చూసినప్పుడల్లా కట్ చెప్పారు. ఆ తేడా ఏమిటో చెప్పడానికే ఇదంతా.

మీరు నన్ను చూసే ఉంటారు. పేరు తెలిసి ఉండదు, అందులో మీ తప్పేమీ లేదు. ఎమ్మార్వో ఆఫీసులో సంతకం పెట్టనని చెప్పే గుమాస్తా, పెళ్ళి ఆగిపోయినప్పుడు ‘ఇప్పుడేం చేద్దాం బావగారూ’ అని అడిగే బంధువు, ఎస్సై వెనక నిలబడి తల ఊపే హెడ్డు. ఇలాంటి వేషాలు ఓ ముప్పై దాకా వేశాను. బస్సులో పక్క సీటాయన నావైపు చాలాసేపు చూసి, ‘మీరు సత్తెనపల్లిలో బ్యాంకులో చేస్తారు కదండీ’ అంటాడు. అవునంటాను. లోను సంగతి అడుగుతాడు. సోమవారం రమ్మంటాను.

ఆ రోజుల్లో అంటే మరీ రాజుల కాలమేమీ కాదు. అందరి చేతుల్లోనూ ఫోన్లున్న రోజులే; కాకపోతే ఫోనుతో సినిమా కూడా తీయొచ్చని మా ఊరికి ఇంకా నమ్మకం కుదరలేదు. నరసరావుపేటలో నటుడంటే అప్పట్లో పరిషత్తు నాటికలు ఆడేవాడే. ఊరూరా పోటీలు జరిగేవి. గంటసేపు నాటిక, ముందు వరుసలో ముగ్గురు న్యాయనిర్ణేతలు: ఒకరు రాసుకుంటూ, ఒకరు వింటూ, ఒకరు నిద్రపోతూ. బహుమతి ఎవరికో తేల్చేది మూడో ఆయనేనని మా అందరికీ గట్టి అనుమానం. మా బృందాన్ని నడిపింది ఒక రిటైరైన తెలుగు మాస్టారు. ఆయన్ని ‘సైడ్ వింగ్ మాస్టారు’ అనేవాళ్ళం, ఎందుకంటే నాటిక నడుస్తున్నంతసేపూ స్టేజీ పక్కన తెరచాటున నిలబడి, పాములా బుసకొడుతూ మా తప్పులు మాకు చెప్పేవారు. ఆయనది ఒకటే సిద్ధాంతం: ప్రేక్షకుడికి వీపు చూపించకూడదు. చచ్చిపోయే సీనైనా సరే, ముఖం జనం వైపు పెట్టి చావాలి. తలుపు తియ్యడానికి వెళ్ళాల్సి వస్తే పీతలాగా పక్కకు నడిచి వెళ్ళాలి. రిహార్సల్లో ఎవరైనా మరిచిపోయి వెనక్కి తిరిగితే వీపు మీదికి సుద్దముక్క విసిరేవారు. ముప్పై ఏళ్ళు బడిలో విసిరిన చెయ్యి, గురి తప్పేది కాదు. సాయంత్రం ఇంటికి రాగానే మా అమ్మ నా చొక్కా వెనక తెల్లచుక్కలు చూసి, ‘ఇయ్యాళ నాలుగు తప్పులు’ అని చెప్పేది. నిష్క్రమణ విషయంలో మాస్టారు మరీ పట్టుదలగా ఉండేవారు. “వెళ్ళేటప్పుడు ఆగాలి, తిరగాలి, ముఖం జనానికి ఇచ్చేసి వెళ్ళాలి. లేకపోతే ఎవడు వెళ్ళాడో వాళ్ళకేం తెలుస్తుందిరా?” ఏడాది తిరిగేసరికి నా చొక్కా శుభ్రంగా ఉండటం మొదలైంది. ఒక ఉత్తమ నటుడి షీల్డు కూడా వచ్చింది.

ఆ షీల్డును మా నాన్న ఒకసారి ఎత్తి చూసి, బరువు లేదని చెప్పి కింద పెట్టాడు. ఆయనకి మార్కెట్ యార్డు దగ్గర ఎరువులు, పురుగుమందుల షాపు. రైతు తెచ్చిన ఆకును వేళ్ళ మధ్య తిప్పి చూసి, తెగులు పేరు చెప్పి, మందు ఇచ్చి పంపేవాడు. నన్నూ అలాగే చూసేవాడు. నా తెగులు పేరు ఆయనకు తెలుసు, దానికి మందు మాత్రం షాపులో లేదు. నేను వెళ్ళి గల్లా దగ్గర కూర్చుంటే తను కాస్త నడుం వాలుస్తానని ఆయన కోరిక. నేను వెళ్ళి తెరమీద కనిపించాలని నా కోరిక. రెండు కోరికలూ ఒకే ఇంట్లో అన్నం తింటూ ఉండేవి.

అలా ఉండగా, ఎన్నికల ముందు, మా వైపు నుంచి పోటీ చేస్తున్న ఒక నాయకుడి జీవితం మీద డాక్యుమెంటరీ తీయడానికి హైదరాబాదు నుంచి ఒక దర్శకుడు వచ్చాడు. ఆ నాయకుణ్ణి అందరూ పెద్దాయన అనేవాళ్ళు. నేనూ అదే అంటాను. పెద్దాయన పడుచుతనంలో పల్లెలు తిరగడం, పొలాలు నడవడం, రైతుల కష్టాలు చూసి కదిలిపోవడం వగైరా చూపించాలట. దానికో నటుడు కావాలి. ఎవరో చెప్పగా మా రిహార్సల్‌కి వచ్చాడు. మునిసిపల్ స్కూలు వరండాలో చేసుకునేవాళ్ళం. ఎండాకాలం, ఉన్న ఒక్క ఫ్యానూ మా వెనక గోడకుంది. ఆయన దాని కింద, అంటే మా వెనక, కుర్చీ వేసుకుని కూర్చుని గంటసేపు చూశాడు. లేచి వెళుతూ నా భుజం మీద చెయ్యి వేసి, ‘ఇతను సరిగ్గా సరిపోతాడు’ అన్నాడు. ముందు నుంచి చూడకుండానే ఆయనకెలా తెలిసిందని నేను ఒక్క క్షణమైనా ఆలోచించాల్సింది. ప్రతిభ అనేది వెనక నుంచి కూడా కనిపిస్తుంది కాబోలు అనుకున్నాను.

ఇంట్లో చెప్పాను. నాన్న అన్నం కలుపుతూ ఏం వేషమని అడిగాడు.

“పెద్దాయన వేషమే నాన్నా. హీరోని నేనే.”

“ఆయన బతికే ఉన్నాడు గదరా. ఆయనే చెయ్యొచ్చుగా?”

“మోకాళ్ళ నొప్పులంట.”

నాన్న రెండు ముద్దలు తిన్నాడు. తరవాత కంచంలోకి చూస్తూనే చెప్పాడు. “సరే, ఒక మాట. ఆ టీవీ బండి తెస్తారుగా, సెంటర్లో పెట్టి వేస్తారు. దాంట్లో నీ మొకం కనపడితే ఇంక జన్మలో నిన్ను షాపుకి రమ్మని అడగను. కనపడలేదా, మర్నాడు తొమ్మిదింటికి వచ్చి గల్లాకాడ కూర్చో. మళ్ళా నాటకాల మాట ఎత్తగూడదు.”

“మొకం కనపడక ఇంకేం కనపడుద్దండీ?” అంది అమ్మ.

మొదటి షూటింగు నడికుడి స్టేషన్లో. యువ పెద్దాయన రైలు దిగి, సంచీ భుజాన వేసుకుని, ప్లాట్‌ఫారం మీద దూరంగా నడిచి వెళ్ళిపోతాడు. అంతే. రైలు రెండు నిమిషాలు ఆగుతుంది కాబట్టి ఒక్కసారిలో అయిపోవాలని దర్శకుడు చెప్పాడు. దిగాను, నడిచాను. చివరికంటా వెళ్ళి ఆగాను, తిరిగాను, ముఖం ఇచ్చాను. ఇంజను కూతతో సహా ఎంతో బాగా కుదిరిందని నా నమ్మకం. దర్శకుడు పరుగెత్తుకుంటూ వచ్చాడు.

“బ్రదర్, ఎందుకు తిరిగారు?”

“నిష్క్రమణ సార్.”

ఆయనకి అర్థం కాలేదు. సైడ్ వింగ్ మాస్టారి సిద్ధాంతం మొత్తం వివరించాను. మర్యాదగా విన్నాడు. డాక్యుమెంటరీకి అదంతా అక్కర్లేదని, ఊరికే వెళ్ళిపోతే చాలని చెప్పాడు. రైలు అప్పటికే వెళ్ళిపోయింది. తరవాతి పాసింజరు మధ్యాహ్నం. నాలుగు గంటలపాటు పదకొండు మంది యూనిట్ సభ్యులు బెంచీల మీద కూర్చుని, నావైపే చూస్తూ టీలు తాగారు. మధ్యాహ్నం రైలుకి నేను తల తిప్పకూడదని ఒట్టు పెట్టుకుని నడిచాను. ఇరవై అడుగులు బాగానే వెళ్ళాను. ఇరవై ఒకటో అడుగు దగ్గర నా కుడిపాదం దానంతట అదే పక్కకి తిరిగింది. పాదం వెంట మోకాలు, మోకాలి వెంట నడుం, ఇవన్నీ వెళ్ళాక తాను రాకపోతే బాగుండదని చివరికి తలకాయ. ఆ రోజు సాయంత్రం రైలుకి గానీ ఆ షాటు కుదరలేదు. అదీ నేను తిరగడం మొదలుపెట్టేలోపు ఆపేశారు కాబట్టి కుదిరింది.

తరవాత ఈపూరు. అకాల వర్షానికి దెబ్బతిన్న చేలో యువ పెద్దాయన నడుస్తూ వెళ్ళి, ఆగి, బాధపడాలి. పెద్దాయన నడక ఎలా ఉంటుందో చెప్పమని దర్శకుణ్ణి అడిగాను. తనకీ తెలియదన్నాడు, తను చూసినప్పుడల్లా ఆయన కారులోనే ఉన్నాడట. ‘ఎవరో ఒక రైతు నడక పట్టుకోండి బ్రదర్’ అన్నాడు. నాకు కళ్ళు మూసుకున్నా కనిపించే నడక ఒకటే ఉంది, మా నాన్నది. షాపు పెట్టకముందు ఆయన సేద్యం చేసినవాడు. రెండు చేతులూ వెనక్కి పెట్టుకుని, ఎడమ మణికట్టుని కుడిచేత్తో పట్టుకుని, కుడి భుజం కాస్త దించి, నాలుగడుగులకోసారి ఆగి మొక్కవైపు వంగి చూసే నడక. అదే నడిచాను. అంతవరకూ బాగుంది. చేను మధ్యలో ఆగగానే మళ్ళీ పాదం తిరగబోయింది.

అప్పుడు దర్శకుడికి ఉపాయం తట్టింది. కాయలు కోయడానికి వచ్చిన ఆడవాళ్ళందరినీ పిలిచి నా ఎదురుగా, ఇరవై అడుగుల దూరంలో వరసగా నిలబెట్టాడు. ‘బ్రదర్, జనం అటున్నారు. అటు చూసి చెయ్యండి’ అన్నాడు. అబద్ధం ఒక్క ముక్క చెప్పలేదు మహానుభావుడు. ఆ ఆడవాళ్ళ మధ్య ఒక అసిస్టెంటు తెల్లటి థర్మాకోల్ అట్ట పట్టుకుని నిలబడ్డాడు. అట్టకి మధ్యలో రూపాయి బిళ్ళంత చిల్లు. కెమెరా నా వెనక ఉందని నాకు తెలుసు. కానీ సినిమాకి రెండు మూడు కెమెరాలు వాడతారని, ఈమధ్య చొక్కా గుండీ అంతవి కూడా వచ్చాయని పేపర్లో చదివి ఉన్నాను. (పేపరు చదివే అలవాటు లేకపోతే ఈ అవమానం తప్పేది.) వెనకది చేను కోసం, చిల్లులోది నా ముఖం కోసం అని నాకు నేనే తీర్పు చెప్పేసుకున్నాను. ఇక చూడండి. గడ్డం వణికించాను. పెదవి కొరికాను. ఆ చిల్లులోకి సూటిగా చూస్తూ కన్నీళ్ళు వదిలాను. మూడుసార్లు తీశారు, మూడుసార్లూ వదిలాను. కోతకొచ్చిన ఒక పెద్దమ్మ కొంగుతో కళ్ళు ఒత్తుకుంది. ‘నిరుడు మా తోట పోయినప్పుడు మా ఆయన గూడా ఇట్టనే నిలబడిపోయాడయ్యా’ అని నాకు తన సీసాలో నీళ్ళు ఇచ్చింది. నా జీవితంలో నేను అందుకున్న మొట్టమొదటి నిజమైన మెప్పు అదే, తీసిన కెమెరా మాత్రం ఎక్కడా లేదు. అట్ట ఎందుకు పట్టుకున్నావని ఆ అసిస్టెంటుని చాలాకాలం తరవాత అడిగాను. ఎండగా ఉందని పట్టుకున్నానన్నాడు.

పెద్దాయన ఒకే ఒక్క పొద్దున, మాచర్లలో గెస్టుహౌసుకి వచ్చారు. నా చుట్టూ ఒక ప్రదక్షిణ చేసి, నా వెనక ఆగి, ‘బానే ఉన్నాడే. నాకప్పట్లో మెడ ఇంకొంచెం పొడుగుండేది’ అన్నారు. నమస్కారం పెడదామని తిరిగేలోపు లోపలికి వెళ్ళిపోయారు. లోపల ఆయన ముఖాన్ని గంటన్నరసేపు తీశారు: నవ్వుతూ, ఆలోచిస్తూ, దూరంగా చూస్తూ, బాధపడుతూ. ఇంత ముఖం ఎందుకబ్బా అనుకున్నాను తప్ప, ఆ ముఖం ఏ మెడ మీదికి వెళుతుందో నాకు తట్టలేదు.

ఎల్‌ఈడీ తెర కట్టిన ప్రచారబండి మా సెంటరుకి వచ్చిన రోజు సాయంత్రం నాన్న ఆరింటికే షాపు కట్టేశాడు. నాకు గుర్తున్నంతలో ఆయన వేళకి ముందు షటరు దించడం అదే మొదలు. అమ్మ వీధి మొత్తాన్ని పిలుచుకొచ్చింది. మాస్టారికి మెడికల్ షాపు ముందు కుర్చీ వేయించాను. మొదలైంది. రైలు వచ్చింది, నేను దిగాను. అమ్మ చప్పట్లు కొట్టింది. ‘ఇప్పుడు తిరుగుతాను చూడండి’ అని చుట్టుపక్కల వాళ్ళకి చెప్పాను. తిరగలేదు. పెద్దాయన ముఖం వచ్చింది. ముప్పాళ్ళ రోడ్డు మీద సైకిలు తొక్కాను, వెనక నుంచి. గురజాలలో అరుగు మీద కూర్చుని ముసలివాళ్ళతో మాట్లాడాను, ముసలివాళ్ళ ముఖాలు ఎంత బాగా వచ్చాయో చెప్పలేను. మిరపచేను వచ్చింది. నేను నడిచాను, ఆగాను, నా భుజాలు కదిలాయి. ఇదిగో ఇప్పుడు, అనుకున్నాను. టక్కున పెద్దాయన ముఖం: కన్నీళ్ళు లేవు, కళ్ళజోడు ఉంది. వెనక నుంచి చూస్తే పాతికేళ్ళ నల్లజుట్టు, ముందు నుంచి చూస్తే అరవయ్యేళ్ళ రంగు జుట్టు. ఇలా పధ్నాలుగు నిమిషాలు. నాయకుడికి వెన్నుదన్నుగా నిలబడటం అంటే ఏమిటో ఆ ఎన్నికల్లో నాకు తెలిసినంతగా ఏ కార్యకర్తకీ తెలిసి ఉండదు.

అమ్మ మాత్రం ఓటమి ఒప్పుకోలేదు. చేతులు వెనక్కి కట్టుకున్న షాటులో మోచేతి మీది మచ్చని చూపించి, అది మావాడిదేనని, చిన్నప్పుడు పంపు దగ్గర పడ్డాడని వరసగా అందరికీ చెబుతూ పోయింది. పక్కింటి పిన్ని ఆలోచించి, “వీపు మాత్రం చానా బాగొచ్చిందిలే వదినా. ఇంటికెళ్ళి దిష్టి తియ్యి” అంది. మాస్టారు కుర్చీలోంచి లేచి నా దగ్గరికొచ్చి, జేబు తడుముకుని, “సుద్దముక్క తెచ్చుకోలేదురా” అని వెళ్ళిపోయారు. నెల రోజులు నాతో మాట్లాడలేదు. నాన్న చివర్న వచ్చాడు.

“మొకం ఏదిరా?”

“రాలేదు నాన్నా.”

“తొమ్మిదింటికి” అన్నాడు.

తొమ్మిదింటికి వెళ్ళాను. ముఖం చెల్లక అంటారే, నాది మరీ అన్యాయం, చెల్లడానికి అసలు ముఖమే బయటికి రాలేదు. గల్లా దగ్గర కూర్చుని, బస్తాల మీద కంపెనీ పేర్లు పైనుంచి కిందికి, కిందినుంచి పైకి చదువుకుంటూ గడిపాను. వారం తిరిగింది. ప్రచారబండి పల్లెలన్నీ తిరుగుతోంది. ఒక రోజు ముప్పాళ్ళ వైపు నుంచి మందు కోసం వచ్చిన రైతు నన్ను దాటి నేరుగా నాన్న దగ్గరికి వెళ్ళాడు.

“ఏందన్నా, ఆ టీవీ బండి మీద చేలో నడిచేది నువ్వే గదా?”

“నేనెందుకు నడుస్తా?”

“నువ్వేనన్నా. ఆ భుజం దించటం, వంగి చూడటం. మా ఇంట్లో అందరం నువ్వేననుకున్నాం.”

ఆ వారంలో మరో నలుగురైదుగురు అదే మాట అన్నారు. నాన్న మొదట విసుక్కున్నాడు. తరవాత, ‘నేను కాదు, మావాడు’ అనడం మొదలుపెట్టాడు. ఒక మధ్యాహ్నం బేరం లేనప్పుడు నా ఎదురుగా వచ్చి కూర్చున్నాడు.

“ఎట్ట పట్టావురా?”

“చిన్నప్పటినుంచీ చూస్తన్నా గదా నాన్నా.”

“కుడి భుజం దించుతానా నేను?”

దించుతావన్నాను. లేచి యూరియా బస్తాల దాకా నడిచాడు, తిరిగి వచ్చాడు. నడుస్తూ నడుస్తూ తన భుజం వైపు తనే ఓరగా చూసుకున్నాడు. మళ్ళీ కూర్చుని, రసీదు పుస్తకం సర్దుతూ చెప్పాడు: “మద్దేనం దాకా ఇక్కడుండు. ఆ తర్వాత నీ ఇష్టం. నాటకమాడుకో, ఏమన్నా చేసుకో. కానీ మాట మాటే. మొకం కనపడలా.”

పెద్దాయన గెలిచారు. ఆయన గెలుపులో నా వీపు వాటా ఎంతో ఎవరూ లెక్కకట్టలేదు. నేను పొద్దున షాపు, సాయంత్రం నాటిక, పిలిస్తే హైదరాబాదు అన్నట్టుగా బతకసాగాను. ఒక నాటికలో చూసి ఒకరు చిన్న సినిమాకి పిలిచారు, దాన్ని చూసి ఇంకొకరు. చెప్పాను కదా, గుమాస్తాలు, బావమరుదులు, హెడ్లు. అన్నిట్లోనూ ముఖం ఉంది. ఆ సంగతి నాన్నకి గుర్తుచేసి మాట వెనక్కి తీసుకోమని చాలాసార్లు అడిగాను. ‘నేనన్నది సినిమా గురించి కాదు, ఆ బండి మీద’ అనేవాడు. కాబట్టి ముప్పై సినిమాల నటుణ్ణి, ఊళ్ళో ఉన్న ప్రతి పొద్దునా తొమ్మిదింటికి పురుగుమందుల షాపులో హాజరు వేయించుకునేవాణ్ణి. నన్ను సినిమాలో చూసి గుర్తుపట్టిన రైతులు కూడా సంబరపడేవాళ్ళు కాదు. ‘నిన్న నిన్ను టీవీలో చంపేశారు. తెల్లదోమకి మందేముంది?’ అనేవాళ్ళు.

రెండు ఎన్నికలు గడిచాయి. మూడోసారికి మళ్ళీ అదే దర్శకుడు ఫోను చేశాడు. ఆయనకీ జుట్టు పల్చబడింది. పెద్దాయన మీద కొత్త డాక్యుమెంటరీ అని, ఈసారి నడవటాలు ఏమీ లేవని, పెద్దాయన ఒక చేలో నిలబడి ఒక రైతు మాట వింటారని, నిజం రైతు ఎవరిని పెట్టినా రాసిచ్చింది చెప్పకుండా వేరే ఏదో చెప్పేస్తున్నాడని, అందుకని నటుడు కావాలని చెప్పి, ‘ఈసారి ముఖం ఉంటుంది బ్రదర్’ అన్నాడు. నేను బెట్టు చేయలేదు. మర్నాడే వెళ్ళాను.

ముప్పాళ్ళ దగ్గర చేను. మళ్ళీ మిరపే. రాసిచ్చింది నాలుగు వాక్యాలు: చివరి భూములకు కాలువ నీళ్ళు అందేవి కావు, ఇప్పుడు అందుతున్నాయి, పిల్లలు చదువుకుంటున్నారు, అంతా మీ చలవ. ఇద్దరం ఎదురెదురుగా నిలబడాలి. కెమెరాకి ఒక పక్కనుంచి ఇద్దరి ముఖాలూ సగం సగం కనిపిస్తాయి. నేను మాట్లాడేది మధ్య మధ్య తీసేసి పెద్దాయన తల ఊపడం పెడతారని నాకు అప్పటికి తెలుసు. ముప్పై సినిమాలు నేర్పిన చదువు అది.

అయితే స్టేజీ మీద ఒక విద్య ఉంది. మాస్టారు దాన్ని మాకు వివరంగా చెప్పి, చేస్తే బృందంలోంచి తీసేస్తానని కూడా చెప్పారు. ఇద్దరు నటులు మాట్లాడుకుంటూ ఉండగా ఒకడు మెల్లిగా అరడుగు వెనక్కి, స్టేజీ లోపలికి వేస్తాడు. ఎదుటివాడు వాడి వైపు చూసి మాట్లాడాలంటే కొంచెం తిరగాలి. ఇంకో అరడుగు. ఇంకొంచెం తిరగాలి. నాలుగు అరడుగులకల్లా జనానికి వీడి ముఖం నిండుగా, ఎదుటివాడి వీపు పూర్తిగా. దాన్ని దొంగతనమనేవారు మాస్టారు. పదిహేనేళ్ళ నటనలో నేను ఎవరి మీదా అది ప్రయోగించలేదు. ప్రయోగించగల స్థాయి వేషం రాలేదన్నది కూడా నిజమే అనుకోండి.

పెద్దాయనకి అప్పటికి చెవులు కాస్త మందగించాయి. దర్శకుడు యాక్షన్ అన్నాడు. మొదటి వాక్యం చెబుతూ, కళ్ళు తుడుచుకునే నెపంతో అరడుగు వెనక్కి, చేలోపలికి వేశాను. రెండోదానికి గొంతు తగ్గించాను. ‘ఏందీ?’ అంటూ ఆయన ఒక అడుగు నా వైపు వచ్చారు. నేను పొంగిపోయిన రైతులా తడబడి ఇంకో అడుగు వేశాను. మూడోదానికి గొంతు ఇంకా తగ్గించాను. ఆయన చెవి వెనక చెయ్యి పెట్టుకుని, నాకు పూర్తి అభిముఖంగా, కెమెరాకి పూర్తి విముఖంగా వచ్చి నిలబడ్డారు. ఆయన భుజం మీదుగా చూస్తే దర్శకుడు కనిపించాడు. ఏం జరుగుతోందో ఆయనకి అర్థమైంది. చెయ్యి పైకెత్తాడు. కట్ అంటాడనుకున్నాను. ఆ చేత్తో తల గోక్కుని మళ్ళీ దించేశాడు. నాలుగో వాక్యాన్ని నేను నిమిషం పాటు చెప్పాను. ఎడమ కన్ను ముందు కార్చాను.

పార్టీవాళ్ళు చూసి దాన్ని తీసేస్తారని భయపడ్డాను. వాళ్ళకి అదే ఎక్కువ నచ్చిందట. పెద్దాయన అంత శ్రద్ధగా ఒక రైతు మాట వినడం ఇంతకుముందు ఏ వీడియోలోనూ లేదన్నారట. నిమిషం నలభై సెకన్లు, కోత లేకుండా ఉంచేశారు.

బండి మార్కెట్ యార్డు ముందు ఆగినప్పుడు నాన్న షాపు కట్టలేదు. ఇప్పుడాయన అంత తొందరగా లేవలేడు. మెట్ల దాకా వచ్చి, స్తంభం పట్టుకుని నిలబడి చూశాడు. నేను పక్కనే ఉన్నాను. నా ముఖం వచ్చింది, ఉండిపోయింది, ఇంకా ఉంది.

“కనపడ్డావు” అన్నాడు. కాసేపటికి, “ఆ అడ్డంగా ఉన్న వీపెవరిదిరా?”

“పెద్దాయనది.”

నాన్న స్తంభానికి నుదురు ఆనించుకుని నవ్వాడు. లోపల నిలబడ్డ బేరగాళ్ళు ఏమైందో అని బయటికి వచ్చారు.

ఆ వీడియో నా ఫోనులో ఇప్పటికీ ఉంది. అప్పుడప్పుడు చూస్తాను. చివరి వాక్యం దగ్గర నా మడమ సాళ్ళ మధ్య బోదెలో దిగబడి, మనిషి మొత్తం ఒక పక్కకి ఒరిగిపోవడం స్పష్టంగా తెలుస్తుంది. అయినా ముఖం మాత్రం ఇటే పెట్టి ఉంచాను. నలభైకి దగ్గరపడిన మనిషి, మోకాళ్ళ దాకా మిరపమొక్కల్లో, ఒక పెద్దమనిషిని వెంట నడిపించుకుంటూ వెనక్కి వెనక్కి పోవడం చూస్తే నాకే నవ్వొస్తుంది. నాలుగు వాక్యాలే రాసిచ్చారు కాబట్టి సరిపోయింది. ఇంకో రెండు ఉండి ఉంటే పక్కవాళ్ళ పత్తిచేలో తేలేవాళ్ళం, ఇద్దరం.